ముడిసరుకు ఆగినా లైన్ ఆగకూడదంటే: ట్రాన్స్‌ఫార్మర్, చోక్, పవర్ సప్లై బోర్డులు చేసే చిన్న యూనిట్లకు సమగ్ర మార్గదర్శి

ట్రాన్స్‌ఫార్మర్లు, చోక్‌లు సొంతంగా చుట్టుకుని, వాటితో పవర్ సప్లై బోర్డులు చేసి అమ్మే చిన్న యూనిట్లు హైదరాబాద్‌లో చర్లపల్లి, కుషాయిగూడ, మల్లాపూర్ వైపు చాలా ఉన్నాయి. ఆ యూనిట్ల వాళ్లు తరచూ అడిగే ప్రశ్న ఇది: "సరుకు ఎక్కడ ఆగుతుందో ముందే కనిపెట్టడం ఎలా? పెద్ద కంపెనీల్లా దానికోసం మనుషుల్ని పెట్టుకోలేం కదా?"

మనుషుల్ని పెట్టక్కర్లేదు. ఒక ఎక్సెల్ షీటు, పది రోజుల పాటు రోజుకు రెండు గంటలు, మీ స్టోర్స్ ఇన్‌ఛార్జి జ్ఞాపకశక్తి ఉంటే ఈ పని అయిపోతుంది. కాకపోతే ఒక అలవాటు మార్చుకోవాలి. ధర ఎక్కువున్న ఐసీల మీదే అందరి కళ్లూ ఉంటాయి. లైన్‌ని ఎక్కువసార్లు ఆపేది మాత్రం ఎవరూ లెక్కచేయని రెండు రూపాయల వస్తువు. అందుకే ఈ పద్ధతి మొత్తం ధరను పక్కనపెట్టి, రోజుల లెక్క మీద నడుస్తుంది.

మొదలుపెట్టే ముందు దగ్గర పెట్టుకోవాల్సినవి

- అమ్మకాల్లో 80 శాతం తెచ్చే మోడళ్ల బీఓఎమ్‌లు (ఒక్కో మోడల్‌లో పడే విడిభాగాల జాబితాలు). అన్ని మోడళ్లూ ఒకేసారి వద్దు, సగంలో ఆగిపోతారు.
- గత 12 నెలల కొనుగోలు బిల్లులు, బిల్ ఆఫ్ ఎంట్రీ (దిగుమతి సరుకుకు కస్టమ్స్‌లో దాఖలు చేసే పత్రం) కాపీలు.
- స్టోర్స్ రిజిస్టర్ కాకుండా, ఈ వారం చేత్తో లెక్కపెట్టిన స్టాక్.
- ప్రతి ఐటమ్‌కూ వెండర్ పేరుతోపాటు అసలు తయారీదారు పేరు, పార్ట్ నంబరు. చాలా యూనిట్ల బీఓఎమ్‌లో "10 మైక్రోఫారడ్ 50 ఓల్ట్" అని మాత్రమే ఉంటుంది. దాన్ని పట్టుకుని రిస్క్ లెక్కించలేం.

రిజిస్టర్ లెక్కకూ చేతి లెక్కకూ పదో వంతుకు మించి తేడా వస్తే ఇక్కడే ఆగండి, ముందు స్టోర్స్ సరిచేయండి. తప్పు స్టాక్ మీద వేసిన లెక్క అసలు లెక్కే లేకపోవడం కంటే ప్రమాదం. సరుకు ఉందన్న ధైర్యంతో ఆర్డర్ ఆలస్యం చేస్తారు.

1. అన్నీ రాయండి, బీఓఎమ్‌లో లేనివి కూడా

షీటులో ఒక్కో వస్తువుకు ఒక్కో వరుస. బీఓఎమ్ అంతా ఎక్కించాక ఫ్లోర్ మీద నడవండి. వైండింగ్ మెషిన్ నుంచి ప్యాకింగ్ టేబుల్ దాకా చేతికి తగిలే ప్రతి వస్తువునూ రాసుకోండి: పాలిస్టర్ టేపు, వార్నిష్, థిన్నర్, ఫ్లక్స్, సోల్డర్ బార్, సోల్డర్ వైరు, థర్మల్ పేస్టు, స్లీవ్, లేబుల్, అట్టపెట్టె.

వీటిలో చాలావాటిని "కన్స్యూమబుల్" అని పక్కన పెట్టేస్తారు. వార్నిష్ డబ్బా లేకపోతే ట్రాన్స్‌ఫార్మర్ బయటికి వెళ్లదు. దాని వరుస కూడా మైక్రోకంట్రోలర్ వరుస పక్కనే ఉండాలి.

కాలమ్‌లు ఇవి చాలు: వస్తువు, తయారీదారు, వెండర్, తయారైన దేశం, రోజువారీ వాడకం, చేతిలో స్టాక్, నిలదొక్కుకునే రోజులు, కోలుకునే రోజులు, ప్రత్యామ్నాయం, చివరిగా చూసిన తేదీ.

2. ప్రతి వరుసకూ రెండు అంకెలు వేయండి

మొదటిది నిలదొక్కుకునే రోజులు. ఈరోజు నుంచి ఒక్క పీసు కూడా రాకపోతే ఎన్ని రోజులు లైన్ నడుస్తుంది? చేతిలో ఉన్న స్టాక్‌ని రోజువారీ వాడకంతో భాగించండి. ఓడలో ఉన్న సరుకు, వెండర్ "రేపు పంపిస్తా" అన్న సరుకు కలపొద్దు.

రెండోది కోలుకునే రోజులు. ఇప్పటి వెండర్ పూర్తిగా ఆగిపోతే, వేరే చోటు నుంచి వాడదగిన సరుకు లైన్ మీదికి రావడానికి ఎన్నాళ్లు పడుతుంది? శాంపిల్ తెప్పించడం, పరీక్ష, కస్టమర్ ఆమోదం, తయారీ, రవాణా, కస్టమ్స్, ఇన్‌కమింగ్ ఇన్‌స్పెక్షన్, అన్నీ కలపాలి.

ఊహించిన అంకెలతో ఒక ఉదాహరణ చూద్దాం. మీరు రోజుకు 500 ఈఈ25 సైజు ఫెరైట్ కోర్ (ట్రాన్స్‌ఫార్మర్ లోపలి అయస్కాంత దిమ్మె) సెట్లు వాడతారు, చేతిలో 12,500 ఉన్నాయి. అంటే 25 రోజులు నిలబడతారు. కొత్త కోర్ శాంపిల్‌కు 7 రోజులు, పరీక్షకు 14, కస్టమర్ ఆమోదానికి 15, తయారీకి 30, ఓడ, కస్టమ్స్ కలిపి 25, ఇన్‌స్పెక్షన్‌కు 2. మొత్తం 93. మధ్యలో 68 రోజుల ఖాళీ. ఆ వరుసకు ఎర్రరంగు వేయండి.

ఆ 93లో 36 రోజులు శాంపిల్, పరీక్ష, ఆమోదాలవేనని గమనించండి. అవి ఇప్పుడే, తీరిగ్గా, సరుకు బాగా వస్తున్నప్పుడే పూర్తి చేసుకోగల పనులు. అప్పుడు కోలుకునే సమయం 57 రోజులకు దిగుతుంది, ఒక్క పీసు కూడా అదనంగా కొనకుండానే.

తరచూ జరిగే తప్పు: లీడ్ టైమ్‌ని కోలుకునే రోజులుగా రాయడం. లీడ్ టైమ్ అంటే ఆర్డర్ ఇచ్చాక సరుకు రావడానికి పట్టే రోజులు, అంతా సవ్యంగా ఉన్నప్పటి అంకె. మీకు కావాల్సింది ఆ వెండరే లేనప్పటి అంకె.

3. వెండర్ వెనకాల ఎవరున్నారో అడగండి

ఎక్కువ సమయం ఇక్కడే పెట్టండి.

నేను కొనుగోళ్లు చూస్తున్న రోజుల్లో ఒక యూనిట్ 11 రోజులు ఆగింది. బాబిన్ (తీగ చుట్టే ప్లాస్టిక్ చట్రం) కోసం. మాకు ఇద్దరు బాబిన్ వెండర్లు ఉన్నారు, ధీమాగా ఉన్నాం. ఇద్దరూ ఒకే వారం చేతులెత్తేశారు. ఆరా తీస్తే తెలిసింది, ఇద్దరూ డీలర్లే, ఇద్దరికీ సరుకు ఒకే మోల్డింగ్ షాపు నుంచి వస్తోంది. కాగితం మీద ఇద్దరు వెండర్లు, నిజంగా ఒక్కడు. ఆ 11 రోజుల్లో కార్మికుల ముఖాలు చూడలేకపోయాను. ఆ తర్వాత ఏ వెండర్‌నైనా మొదట అడిగేది "ఇది మీరే చేస్తారా, ఎవరి దగ్గరైనా తెస్తారా?" అనే.

ప్రతి వెండర్‌నూ ఫోన్‌లో అడగాల్సిన నాలుగు ప్రశ్నలు:

- ఇది మీ షెడ్‌లోనే తయారవుతుందా? ఏ ఊళ్లో?
- దీనికి ప్రధాన ముడిసరుకు ఏమిటి, ఎవరి దగ్గర కొంటారు?
- ఆ ముడిసరుకు మీ దగ్గర ఎన్ని రోజులకు సరిపడా ఉంటుంది?
- మీ డై, మౌల్డ్ ఒక్కటేనా, రెండోది ఉందా?

అందరూ చెప్పరు. బిల్లు చూపించమని అడగొద్దు, ఆయన మార్జిన్ బయటపడుతుందని భయపడతాడు. "ధర వద్దు అన్నా, ఊరు, కంపెనీ చెప్పు చాలు" అంటే చాలామంది చెబుతారు.

ఇలా రెండు మెట్లు కిందికి దిగితే కనిపించేవి చూడండి.

బాబిన్. పీబీటీ, నైలాన్ బాబిన్లలో చాలా రకాలకు మంట అంటుకోకుండా బ్రోమిన్ సమ్మేళనంతోపాటు యాంటిమనీ ట్రైఆక్సైడ్ కలుపుతారు. చైనా 2024 సెప్టెంబర్ 15 నుంచి యాంటిమనీ ఎగుమతులకు లైసెన్సు తప్పనిసరి చేసింది. ఆ ఏడాదిలోనే దాని ధర రెండింతలు దాటింది. బాబిన్ కొనేవాళ్లలో యాంటిమనీ పేరు విన్నవాళ్లు ఎంతమంది ఉంటారు?

ఫెరైట్ కోర్. పవర్ ట్రాన్స్‌ఫార్మర్లలో వాడే మాంగనీస్-జింక్ ఫెరైట్‌లో బరువు ప్రకారం ఎక్కువ భాగం ఐరన్ ఆక్సైడ్. ఆ ఆక్సైడ్‌లో చాలావరకు ఉక్కు కర్మాగారాల్లో స్టీల్ షీట్లను యాసిడ్‌తో శుభ్రం చేసినప్పుడు మిగిలే ద్రవం నుంచి తీస్తారు. అంటే మీ కోర్ ఒక ఉక్కు మిల్లు నడకతో ముడిపడి ఉంది.

ఎనామెల్ రాగి తీగ. 2018 మేలో తూత్తుకుడి రాగి కర్మాగారం మూతపడ్డాక, అంతవరకు శుద్ధ రాగి ఎగుమతి చేసిన మన దేశం దిగుమతిదారుగా మారింది. 2025 సెప్టెంబర్ 8న ఇండొనేషియాలోని గ్రాస్‌బర్గ్ గనిలో బురద విరుచుకుపడి ఉత్పత్తి ఆగితే ప్రపంచమంతా రాగి ధర పెరిగింది. మీ తీగ వెండర్ పక్క వీధిలోనే ఉండవచ్చు, ఆయన రేటు మాత్రం లండన్ మెటల్ ఎక్స్ఛేంజి చెబుతుంది.

డయోడ్లు, చిన్న ట్రాన్సిస్టర్లు. 2025 సెప్టెంబర్ 30న నెదర్లాండ్స్ ప్రభుత్వం నెక్స్‌పీరియా కంపెనీని తన నియంత్రణలోకి తీసుకుంది. నాలుగు రోజుల్లో చైనా, అక్కడి నెక్స్‌పీరియా ప్లాంట్ నుంచి ఎగుమతులు నిలిపేసింది. వేఫర్ (చిప్‌లుగా కోసే సిలికాన్ పలక) యూరప్‌లో తయారైనా, చిప్‌కు కాళ్లు, కవచం వేసే ప్యాకేజింగ్‌లో ఎక్కువ భాగం చైనాలో జరిగేది. కొన్ని రూపాయల డయోడ్ల కోసం కార్ల కంపెనీలు ఉత్పత్తి తగ్గించుకోవాల్సి వచ్చింది. కాబట్టి డయోడ్‌కు "తయారైన దేశం" అని ఒక్క గడి చాలదు. చిప్ ఎక్కడ, ప్యాకేజింగ్ ఎక్కడ అని రెండు గడులు పెట్టండి.

సోల్డర్. మయన్మార్‌లోని వా ప్రాంతం 2023 ఆగస్టులో తగరం తవ్వకం ఆపింది. 2025 మార్చిలో కాంగోలోని బిసీ గని సాయుధ దళాల భయంతో కొన్ని వారాలు మూతపడింది. మీది సీసం లేని సోల్డర్ బార్ అయితే, దాని బరువులో 95 శాతానికి పైగా తగరమే.

ఇదంతా చదివి టెన్షన్ పడక్కర్లేదు. గనుల్ని మీరు ఆపలేరు, నడపలేరు. ఏ వార్త వస్తే మీ షీటులో ఏ వరుస చూడాలో తెలిస్తే చాలు.

4. పది వరుసలే పట్టుకోండి

షీటులో 150 వరుసలుంటే ఎరుపు పడేవి 40 దాకా ఉండవచ్చు. అన్నీ ఒకేసారి సరిచేయబోతే ఏదీ కాదు. ఎర్ర వరుసల్లో వీటిని ముందు తీయండి:

- ఖాళీ రోజులు ఎక్కువగా ఉండి, ఎక్కువ మోడళ్లలో వాడేవి
- ఒకే తయారీదారు, ఒకే దేశం మీద ఆధారపడినవి
- భద్రతా సర్టిఫికెట్‌తో ముడిపడినవి

మొదటి పది పూర్తయ్యాక తర్వాతి పది.

5. ప్రత్యామ్నాయం ముందే పరీక్షించి పెట్టుకోండి

"ఈక్వలెంట్ ఉంది సార్" అన్న మాట ప్రత్యామ్నాయం కాదు. మీ జిగ్ (పరీక్ష చట్రం) మీద పరీక్షించి, కస్టమర్ సంతకం చేసి, బీఓఎమ్‌లో రెండో పార్ట్ నంబరుగా ఎక్కినదే ప్రత్యామ్నాయం. వస్తువు వారీగా చూడాల్సినవి:

5.1 రాగి తీగ

కొరత కాలంలో రాగి పూత పూసిన అల్యూమినియం తీగ రాగి పేరుతో వచ్చే ప్రమాదం ఉంది. పట్టుకోవడం తేలిక. 0.5 మిల్లీమీటర్ల రాగి తీగ 10 మీటర్లు కొలిచి నాలుగు తీగల మీటర్‌తో రెసిస్టెన్స్ చూడండి. 20 డిగ్రీల దగ్గర సుమారు 0.87, 0.88 ఓమ్ రావాలి. మన ఎండల్లో గది 35 డిగ్రీలుంటే సుమారు 6 శాతం పెరుగుతుంది, అది తప్పు కాదు. బాగా ఎక్కువ వస్తే ఆ స్పూలు పక్కన పెట్టేయండి.

థర్మల్ క్లాస్, పూత గ్రేడు, సోల్డర్ అంటుకునే తీరు కూడా చూడాలి. పాలీయూరిథేన్ పూత సోల్డర్ పాట్‌లో ముంచితే కరుగుతుంది. పాలిస్టర్-ఇమైడ్‌లో అన్నీ అలా కరగవు. వైండింగ్ తీగల భారత ప్రమాణం ఐఎస్ 13730లో మీ తీగ ఏ భాగం కిందికి వస్తుందో పీఓలో (కొనుగోలు ఆర్డర్‌లో) రాయండి.

5.2 ఫెరైట్ కోర్

ఆకారం ఒక్కటైతే కోర్ ఒక్కటే అనుకోవద్దు. డేటాషీట్‌లో 100 డిగ్రీల దగ్గరి సాచురేషన్ (కోర్ ఇక అయస్కాంతత్వం పట్టలేని హద్దు) చూడండి, 25 డిగ్రీల దగ్గరిది కాదు. పీసీ40 రకంలో చల్లగా ఉన్నప్పుడు సుమారు 510 మిల్లీటెస్లా ఉండేది, 100 డిగ్రీలకు చేరేసరికి సుమారు 390కి పడిపోతుంది. ట్రాన్స్‌ఫార్మర్ పనిచేసేది ఆ వేడిలోనే.

చేయాల్సిన పరీక్షలు: గ్యాప్‌తో ఇండక్టెన్స్, ఫుల్ లోడ్‌లో నాలుగు గంటల ఉష్ణోగ్రత, తక్కువ ఇన్‌పుట్ ఓల్టేజీ దగ్గర కరెంట్ రూపం. కరెంట్ గీత చివర్లో పైకి లేస్తుంటే కోర్ సాచురేట్ అవుతోందన్నమాట.

మన దేశంలోనూ కోర్లు తయారవుతున్నాయి. హిమాచల్‌లోని జాబ్లీలో కాస్మో ఫెరైట్స్, బెంగాల్‌లోని కల్యాణిలో టీడీకే వాళ్ల ప్లాంట్ ఉన్నాయి. పీసుకు కొంచెం ఎక్కువ పడినా, వాడకంలో పావు వంతు దేశీయంగా కొనే అలవాటు పెట్టుకోమని నా సలహా. కొరత వచ్చాక మొదటిసారి ఫోన్ చేసేవాడికి ఎవరూ సరుకు ఇవ్వరు.

5.3 బాబిన్, టేపు, వార్నిష్

ఇక్కడ జాగ్రత్త. మీ ట్రాన్స్‌ఫార్మర్ అమెరికా భద్రతా సంస్థ యూఎల్ గుర్తింపు పొందిన ఇన్సులేషన్ సిస్టమ్ కింద ఉంటే, బాబిన్ ప్లాస్టిక్, టేపు, వార్నిష్ కలిపి ఒకే జట్టుగా ఆమోదం పొందాయి. ఒకదాన్ని సొంతంగా మార్చితే సర్టిఫికెట్ చెల్లకపోవచ్చు. ఆ ఆమోదిత జాబితాలోనే రెండో పేరు ఉందేమో ముందు చూడండి, చాలాసార్లు ఉంటుంది.

బాబిన్ మౌల్డ్ మీ డబ్బుతో చేయించారా? అయితే అది మీ ఆస్తి అని రాతపూర్వకంగా పెట్టుకోండి, డ్రాయింగ్ మీ దగ్గర ఉంచుకోండి. వెండర్ మూసేసిన రోజు మౌల్డ్ తెచ్చుకోగలిగితే సగం సమస్య తీరినట్టే.

5.4 సోల్డర్

ఎస్ఏసీ305 అనే తగరం-వెండి-రాగి సోల్డర్‌లో 3 శాతం వెండి. కిలో బార్‌లో 30 గ్రాములు. వెండి కిలో లక్ష రూపాయలున్నప్పుడు అది 3,000, రెండు లక్షలైతే 6,000. వేవ్ సోల్డరింగ్‌కు (కరిగిన సోల్డర్ అల మీదుగా బోర్డును నడిపే పద్ధతికి) 0.3 శాతం వెండి ఉన్న ఎస్ఏసీ0307, లేదా వెండి లేని తగరం-రాగి మిశ్రమం పరీక్షించి ఉంచుకోండి. ఎస్ఏసీ305 సుమారు 217 డిగ్రీల దగ్గర కరగడం మొదలవుతుంది, తగరం-రాగి 227 దగ్గర. పాట్ ఉష్ణోగ్రత, కన్వేయర్ వేగం మళ్లీ సెట్ చేయాలి.

తప్పు: పాత పాట్‌లోనే కొత్త మిశ్రమం పోసేయడం. సరిదిద్దడం: పాట్ పూర్తిగా ఖాళీ చేసి, శుభ్రం చేసి, కొత్తది నింపాక శాంపిల్‌ని ల్యాబ్‌లో చూపించండి. సీసం, ఇతర నిషిద్ధ పదార్థాల పరీక్షకు చర్లపల్లిలోనే కేంద్ర ప్రభుత్వ సంస్థ సీ-మెట్ ఉంది.

5.5 కెపాసిటర్లు

2018లో ఎంఎల్‌సీసీల (పొరల సిరామిక్ కెపాసిటర్ల) కొరత వచ్చినప్పుడు చాలామంది పెద్ద సైజు దొరక్క అదే విలువున్న చిన్న సైజు వేశారు. బోర్డు ఆన్ అయింది, తర్వాత రిపుల్ (డీసీ ఓల్టేజీలో మిగిలే అలలు) సమస్యలు మొదలయ్యాయి. ఎక్స్5ఆర్, ఎక్స్7ఆర్ రకం సిరామిక్ కెపాసిటర్ల విలువ డీసీ ఓల్టేజీ పెరిగేకొద్దీ తగ్గుతుంది, సాధారణంగా చిన్న సైజుల్లో మరీ ఎక్కువ. "10 మైక్రోఫారడ్" అని రాసి ఉన్నది మీ ఓల్టేజీ దగ్గర నాలుగే ఉండవచ్చు. తయారీదారు ఇచ్చే డీసీ బయాస్ గ్రాఫ్ చూడకుండా మార్చవద్దు.

ఎలక్ట్రోలిటిక్‌లో రిపుల్ కరెంట్, 105 డిగ్రీల దగ్గర ఎన్ని గంటల ఆయుష్షు, కాళ్ల మధ్య దూరం చూడండి. బోర్డు గీసేటప్పుడే రెండు రకాల కాళ్ల దూరానికి రంధ్రాలు పెట్టుకుంటే ముందుముందు చాలా కలిసొస్తుంది.

5.6 ఐసీలు, మాస్‌ఫెట్లు

మాస్‌ఫెట్‌కు (స్విచ్‌లా పనిచేసే ట్రాన్సిస్టర్‌కు) ఓల్టేజీ, ఆన్ రెసిస్టెన్స్, గేట్ చార్జ్ సరిపోలాలి. గేట్ చార్జ్ మారితే వేడి, ఈఎమ్ఐ (విద్యుదయస్కాంత అంతరాయం) రెండూ మారతాయి. ఆప్టోకప్లర్‌కు (కాంతితో సిగ్నల్ దాటించే భాగానికి) సీటీఆర్, అంటే ఇన్‌పుట్, ఔట్‌పుట్ కరెంట్ల నిష్పత్తి, గ్రూపు అక్షరం పీఓలో రాయాలి.

ఓల్టేజీ రిఫరెన్స్ ఐసీ టీఎల్431 గురించి ప్రత్యేకంగా చెబుతాను. ఎస్ఓటీ-23 అనే మూడు కాళ్ల చిన్న ప్యాకేజీలో దీని పిన్ల వరుస అందరు తయారీదారుల దగ్గరా ఒకటి కాదు. పేరు ఒకటే, సైజు ఒకటే, రెండు పిన్లు అటూ ఇటూ. రీలు ఎక్కించే ముందు డేటాషీట్ పక్కన పెట్టి చూడండి.

పవర్ సప్లైని నడిపే పీడబ్ల్యూఎమ్ కంట్రోలర్ ఐసీకి తరచుగా పిన్-టు-పిన్ (అదే కాళ్ల వరుసతో సరిపోయే) ప్రత్యామ్నాయం ఉండదు. దానికి రెండే దారులు: ఎక్కువ స్టాక్, లేదా వేరే ఐసీతో రెండో బోర్డు డిజైన్ సిద్ధంగా ఉంచుకోవడం.

6. స్టాక్: ఎంత, ఎలా

అన్నీ మూడు నెలలకు కొనేస్తే డబ్బంతా రాక్‌లో ఇరుక్కుంటుంది, జీతాలకు వెతుక్కోవాలి. చవకైనవి, పాడవనివి, ఎర్రగా ఉన్నవి మాత్రమే ఎక్కువ పెట్టండి. బాబిన్, రెసిస్టర్, చిన్న డయోడ్, కోర్ ఇలాంటివి. కోలుకునే రోజులకు సరిపడా పెట్టడమే లక్ష్యం.

కొన్ని వస్తువులు రాక్‌లోనే పాడవుతాయి:

- సోల్డర్ పేస్టు: చాలా రకాలకు 0 నుంచి 10 డిగ్రీల చలిలో సుమారు 6 నెలలు. బయటికి తీసి, మూత తెరవకుండా దాదాపు 4 గంటలు ఉంచాకే వాడాలి.
- తేమ సోకే ఐసీలు: ఎంఎస్ఎల్ (తేమ సున్నితత్వ స్థాయి) 3 అయితే కవరు తెరిచాక 168 గంటలు, ఎంఎస్ఎల్ 4 అయితే 72, ఎంఎస్ఎల్ 5 అయితే 48. అది కూడా 30 డిగ్రీలు, 60 శాతం తేమ దాటకపోతేనే. మన వానాకాలంలో ఏసీ లేని స్టోర్స్ ఆ హద్దు దాటేస్తుంది. కవరు మీద తెరిచిన టైమ్ రాయించండి.
- ప్లాస్టిక్ రీలులో ఉన్న ఐసీల్ని 125 డిగ్రీల ఓవెన్‌లో పెట్టవద్దు, టేపు కరిగిపోతుంది. 40 డిగ్రీల దగ్గర ఎక్కువ రోజులు బేక్ చేయాలి, లేదా ట్రేలోకి మార్చాలి.
- ఎలక్ట్రోలిటిక్‌లు: రెండేళ్లు దాటితే లీకేజీ పెరిగి ఉండవచ్చు. తయారీదారు చెప్పినట్టు రెసిస్టర్ ద్వారా ఓల్టేజీ ఇచ్చి రీఫార్మ్ చేసి, లీకేజీ కొలిచాకే వాడాలి.
- వార్నిష్, టేపు: డబ్బా మీది గడువు తేదీ షీటులో ఎక్కించండి.

ముందు వచ్చింది ముందు వాడాలన్న నియమం గోడమీద రాసినంత మాత్రాన పాటించరు. రాక్‌ని వెనక నుంచి నింపి ముందు నుంచి తీసేలా తిప్పేస్తే అదే జరిగిపోతుంది.

7. ధర రిస్క్‌ని పీఓలోనే కట్టేయండి

ఒక్కో ట్రాన్స్‌ఫార్మర్‌లో 40 గ్రాముల రాగి, నెలకు 5,000 పీసులు అనుకుందాం. నెలకు 200 కిలోలు. కిలోకు 100 రూపాయలు పెరిగితే పీసుకు 4 రూపాయలు, నెలకు 20,000. చిన్న యూనిట్‌కు అది లాభంలో పెద్ద ముక్క.

అందుకే కస్టమర్‌కు ఇచ్చే కొటేషన్‌లో ఇలా రాయండి: రాగి ఆధార ధర ఇంత, 5 శాతం దాటి మారితే రాగి భాగం మేరకే రేటు పైకైనా కిందికైనా మారుతుంది, కొటేషన్ గడువు 15 రోజులు. "కిందికైనా" అన్న మాట తీసేయకండి. అది ఉంటేనే కస్టమర్ నమ్మి ఒప్పుకుంటాడు.

తీగ వెండర్‌తో కూడా ఇదే సూత్రం. లోహం ధర వేరు, చుట్టుకూలీ, పూత ఖర్చు వేరు అని రెండుగా రాయించుకుంటే ప్రతి నెలా బేరం తప్పుతుంది. డాలర్‌లో కొనేవాటికి రూపాయి విలువ గడి ఒకటి కలపండి.

8. బయటి మార్కెట్‌లో కొనాల్సి వస్తే

అధీకృత డిస్ట్రిబ్యూటర్ దగ్గర లేనప్పుడు బ్రోకర్ దగ్గరికి వెళ్తాం. దొంగసరుకు దూరేది అప్పుడే. పాత బోర్డుల నుంచి పీకి, పైన గీకి, కొత్త పేరు ముద్రించిన ఐసీలు ఉంటాయి.

- ముందు 10 పీసులు, తర్వాతే మొత్తం. పూర్తి అడ్వాన్స్ ఇవ్వొద్దు.
- ఒకే రీలులో వేర్వేరు డేట్ కోడ్‌లు (తయారైన తేదీ గుర్తులు) కలగలిసి ఉన్నాయా, కాళ్ల మీద పాత సోల్డర్ మరకలున్నాయా, భూతద్దంతో చూడండి.
- దూదిని ఎసిటోన్‌లో ముంచి పైభాగం రుద్దండి. నల్లరంగు ఊడొస్తే తిప్పి పంపండి. ఊడకపోయినంత మాత్రాన అసలుదని కాదు.
- అసలు పీసుతో పక్కపక్కన ఎక్స్‌రే తీయించి లోపలి తీగలు పోల్చండి.
- సేఫ్టీ కెపాసిటర్, ఆప్టోకప్లర్, ఫ్యూజు మాత్రం బ్రోకర్ దగ్గర ఎన్నడూ వద్దు. అవి ఫెయిలైతే మనిషికి షాక్ కొట్టవచ్చు, మంట అంటుకోవచ్చు. లైన్ ఆగినా సరే.

9. ఏడాది క్యాలెండర్ గోడకు తగిలించండి

- చైనా కొత్త సంవత్సరం 2027లో ఫిబ్రవరి 6న. సెలవు వారమని చెప్పినా, కార్మికులు ఊళ్ల నుంచి తిరిగొచ్చి ఫ్యాక్టరీ పుంజుకోవడానికి దాదాపు నెల పడుతుంది. ఆ సెలవుకు ముందు రావాల్సిన సరుకు ఆర్డర్లు దసరాకే ఇచ్చేయాలి. సంక్రాంతికి గుర్తొస్తే ఆలస్యమైనట్టే.
- అక్టోబర్ 1 నుంచి వాళ్లకు మరో వారం సెలవు.
- అక్టోబర్ నుంచి డిసెంబర్ దాకా మనకు తుపాన్లు. 2023 డిసెంబర్‌లో మిచౌంగ్ చెన్నైని ముంచి బాపట్ల దగ్గర తీరం దాటింది. చెన్నై పోర్టు మీదే ఆధారపడితే ఆ నెలల్లో రెండు వారాల స్టాక్ అదనంగా పెట్టండి. ముంబై వైపు నవా షేవా పోర్టు నుంచి హైదరాబాద్ సనత్‌నగర్ డిపోకు రైలు దారి ఉందని మీ క్లియరింగ్ ఏజెంటుతో ముందే మాట్లాడి ఉంచండి.

తయారీదారులు పార్టు ఆపేసేటప్పుడు నోటీసు ఇస్తారు. పరిశ్రమ ప్రమాణం ప్రకారం చివరి ఆర్డర్‌కు కనీసం 6 నెలలు, చివరి డెలివరీకి 12 నెలలు. కానీ ఆ ఈమెయిల్ డిస్ట్రిబ్యూటర్ దాకా వచ్చి ఆగిపోతుంది. ప్రతి మూడు నెలలకోసారి మీ పది ముఖ్యమైన ఐసీల స్థితి ఏమిటని మీరే రాసి అడగండి.

దేశీయంగా కూడా వెతుకుతూ ఉండండి. 2025 ఏప్రిల్‌లో కేంద్రం 22,919 కోట్ల రూపాయలతో ఎలక్ట్రానిక్ విడిభాగాల తయారీ పథకం నోటిఫై చేసింది. నిరుడు దొరకనిది ఈ ఏడాది పక్క రాష్ట్రంలో దొరకవచ్చు.

షీటును ప్రతి సోమవారం పావుగంట చూడాలి. స్టాక్ కాలమ్ మార్చండి, ఎరుపులు లెక్కపెట్టండి, అంతే.

10. సరుకు నిజంగా ఆగిన రోజు చేయాల్సినవి

మొదటి గంటలో ఆ వస్తువు స్టాక్‌కు తాళం వేయండి. ఏ మోడల్‌కు ఇవ్వాలో ఒక్కరే నిర్ణయించాలి. లేకపోతే ముందు అడిగిన సూపర్‌వైజర్‌కు వెళ్లిపోతుంది, ముఖ్యమైన ఆర్డర్ మిగిలిపోతుంది.

ఆ రోజే వెండర్ నుంచి మూడు విషయాలు రాతలో తీసుకోండి: ఎందుకు ఆగింది, ఆయన చేతిలో ఎంత ఉంది, వచ్చే తేదీ. "చూద్దాం సార్" అంటే ఆ తేదీ లేదని అర్థం చేసుకోండి.

రెండో రోజు కస్టమర్‌కు ఫోన్ చేయండి, దాచొద్దు. ఎన్ని పీసులు ఏ తేదీకి ఇవ్వగలరో, ఆమోదం కోసం ఏ ప్రత్యామ్నాయం సిద్ధంగా ఉందో ఒకే మెయిల్‌లో పంపండి. పరీక్ష రిపోర్టు జత చేయండి. రిపోర్టు ఉంటే డెవియేషన్ ఆమోదం (మారిన పార్టు వాడేందుకు కస్టమర్ అనుమతి) త్వరగా వస్తుంది. హైదరాబాద్‌లో ఈటీడీసీ లాంటి ప్రభుత్వ ల్యాబ్ రిపోర్టుకు విలువ ఎక్కువ.

మారిన పార్టుతో చేసిన మొదటి లాట్‌కు వేరే సీరియల్ నంబర్లు ఇవ్వండి, అట్టపెట్టె మీద గుర్తు పెట్టండి. ఆరు నెలల తర్వాత ఫీల్డ్ నుంచి ఫిర్యాదు వస్తే అవే పీసులు వెనక్కి తెప్పించగలుగుతారు, మొత్తం ఏడాది సరుకు కాదు.

లైన్ మళ్లీ నడిచిన వారంలోపే, అందరికీ గుర్తున్నప్పుడే, అసలు పట్టిన కోలుకునే రోజుల్ని షీటులో పాత అంచనా పక్కన రాయండి. 93 అనుకున్నది 120 పట్టిందా? అదే తరహా వస్తువులున్న మిగతా వరుసల్లో కూడా ఆ మేరకు అంకెలు పెంచండి.